741.5: లైబ్రరీలో నవ్వుల అర

(మహాసభల సాహితీ వేదిక మీద చేసిన ప్రసంగ పాఠం)



భోజనాలవగానే సాహిత్య సభ పెట్టడంలో నిర్వాహకుల ఉద్దేశం నాకు అర్థమైంది. పులిహోర, గుత్తివంకాయ, రెండు రకాల పాయసాలు తిన్నవాళ్ళకి ఓ చల్లటి గదీ, మెత్తటి కుర్చీ కావాలి కదా. కొందరు ఇప్పటికే కళ్ళు మూసుకుని ధ్యానంలోకి వెళ్ళిపోయారు. రానివాళ్ళలో సగంమంది చీరల స్టాల్స్ దగ్గరా, మిగిలిన సగం పెళ్ళిసంబంధాల పరిచయ వేదిక దగ్గరా ఉన్నారు. అయినా ఇంతమంది వచ్చారంటే, కార్యక్రమ పత్రంలో 'కామిక్స్' అన్న మాట చూసి ఇదేదో పిల్లల కార్యక్రమం అనుకున్నారేమో. ఫరవాలేదు, కూర్చోండి. పిల్లలకీ పనికొస్తుంది.

ఈ విషయం మీద మాట్లాడటానికి నాకున్న అర్హత చెబుతాను. నా ఉద్యోగం ప్రోగ్రామింగ్. పదిహేనేళ్ళ నుంచి శనివారం పొద్దున్న పూట మాత్రం మా ఊరి పబ్లిక్ లైబ్రరీలో వాలంటీరుగా పుస్తకాలు అరల్లో సర్దుతుంటాను. ఇక్కడి లైబ్రరీల్లో పుస్తకాలు డ్యూయీ దశాంశ పద్ధతిలో ఉంటాయని మీకు తెలుసు. అందులో 741.5 అంటే కార్టూన్లు, కామిక్స్. శనివారం మధ్యాహ్నానికల్లా ఆ అర ఖాళీ అయిపోతుంది. దాని పక్కనే ఉన్న 'బొమ్మలు గీయడం ఎలా' పుస్తకాల మీద మాత్రం దుమ్ము అలాగే ఉంటుంది.

అక్కడ నేను తరచు చూసే దృశ్యం ఒకటుంది. మనవాళ్ళ కుర్రాడు, తొమ్మిదో పదో ఏళ్ళవాడు, నేలమీద బాసింపట్టు వేసుకుని ఒక బొమ్మల పుస్తకం ఒళ్ళో పెట్టుకుని తనలో తాను నవ్వుకుంటూ ఉంటాడు. వాళ్ళ నాన్నగారు వస్తారు. "ఇదా నువ్వు చదివేది? అక్కడ పెట్టేయ్. స్పెల్లింగ్ బీ పుస్తకం తెచ్చావా?" అంటారు. వాడు పుస్తకం పెట్టేసి, పేజీ నంబరు గుర్తుపెట్టుకుని వెళ్తాడు. పేజీ నంబరు గుర్తుపెట్టుకోవడం మాత్రం ఎవరూ గమనించరు. చదివే అలవాటంటే అదేనండి, ఇంకేం లేదు.

ఆ నాన్నగారిని నేను తప్పు పట్టను. కాకపోతే ఆయన్ని ఒక్క మాట అడగాలనిపిస్తుంది. ఏమండీ, మీరు చదవడం ఎక్కడ మొదలుపెట్టారు? 'చందమామ'లో కాదూ? పేజీ పేజీకీ బొమ్మ ఉండేది కదా. వారపత్రిక ఇంటికి రాగానే ముందు ఏ పేజీ తిప్పేవారు? సీరియల్ అమ్మకి, సంపాదకీయం నాన్నకి, కార్టూన్లు మనకి. అలా కార్టూన్ కింద ఉన్న రెండు లైన్లు కూడబలుక్కుని చదివినవాళ్ళమే ఈరోజు ఈ హాల్లో కూర్చున్నాం.

సరే, ఇక అసలు సంగతి. ఏం చదవమంటాను?

మొదటి పుస్తకం చెప్పడానికి నేను ఆలోచించను. 'కాల్విన్ అండ్ హాబ్స్.' గీసినాయన బిల్ వాటర్సన్, ఒహాయో రాష్ట్రంలో షాగ్రిన్ ఫాల్స్ అనే చిన్న ఊళ్ళో పెరిగారు. 1985 నవంబరు 18న పత్రికల్లో మొదలై, 1995 డిసెంబరు 31న ఆగిపోయింది. జనం విసిగిపోయి ఆపించలేదు. అప్పటికి 2,400కు పైగా పత్రికల్లో వస్తోంది. చెప్పాల్సింది చెప్పేశానని ఆయనే ఆపేశారు. మన టీవీ సీరియళ్ళ వాళ్ళకి ఎవరైనా ఈ సంగతి చెబితే బాగుండును.

కాల్విన్‌కి ఆరేళ్ళు. హాబ్స్ వాడి పులి. పెద్దవాళ్ళ కళ్ళకి గుడ్డతో కుట్టిన బొమ్మపులి, కాల్విన్ కళ్ళకి నిజం పులి. ఆ రెంటిలో ఏది నిజమో వాటర్సన్ పదేళ్ళపాటు తేల్చి చెప్పలేదు. వాడికి ఒక అట్టపెట్టె దొరికితే అది ఓ రోజు కాలంలో వెనక్కి వెళ్ళే యంత్రం, ఇంకో రోజు మనిషిని మరో జంతువుగా మార్చే ట్రాన్స్‌మాగ్రిఫయర్. స్పెల్లింగ్ బీ తల్లిదండ్రులకి ప్రత్యేక మనవి: ఆ ఆరేళ్ళవాడి నోట వచ్చే ఇంగ్లీషు మాటలకి మీరే డిక్షనరీ తీయాల్సి వస్తుంది.

నాకు మాత్రం ఆ పుస్తకాల్లో అందరికంటే ఇష్టమైనవాడు కాల్విన్ తండ్రి. ఆయన పేటెంటు లాయరు. వాటర్సన్ గారి తండ్రి కూడా అదే వృత్తి. కొడుకు ఏ ప్రశ్న వేసినా ఈ పెద్దమనిషి కళ్ళార్పకుండా అబద్ధం చెబుతాడు. పాత ఫోటోలన్నీ నలుపు తెలుపుల్లో ఎందుకున్నాయి అంటే, అప్పుడు లోకమే నలుపు తెలుపుల్లో ఉండేదని చెబుతాడు. వంతెన మీద ఎంత బరువు పట్టేదీ ఎలా తెలుస్తుందంటే, కూలిపోయేదాకా పెద్ద పెద్ద లారీలు నడిపి, ఆఖరి లారీని తూకం వేసి, మళ్ళీ అలాంటి వంతెనే కడతారంటాడు. మా తాతయ్య అచ్చం ఇలాగే ఉండేవాడు. కృష్ణా నదికి నీళ్ళు ఎక్కణ్ణించి వస్తాయంటే, బెజవాడలో పెద్ద కుళాయి ఉందని, దాన్ని తిప్పడానికి ఒక గుమాస్తా ఉన్నాడని మాకు చెప్పాడు. మేం చాలాకాలం నమ్మాం. ఆ గుమాస్తాకి సెలవులుంటాయా అని కూడా దిగులుపడ్డాం.

అంతా నవ్వే కాదు. 1987లో వచ్చిన ఒక చిన్న కథ ఉంది. కాల్విన్‌కి అడవిలో దెబ్బతిన్న ఓ రకూన్ పిల్ల దొరుకుతుంది. వాళ్ళమ్మ దాన్ని ఓ పెట్టెలో పడుకోబెడుతుంది. మర్నాటికి అది చచ్చిపోతుంది. అంతే కథ. వరసగా తొమ్మిది పది రోజులు పత్రికలో వచ్చింది. నవ్వించడానికి పెట్టిన జాగాలో ఒక ఆరేళ్ళవాడు, ఒక బొమ్మపులి, చావంటే ఏమిటో అర్థం కాక నిలబడతారు.

2009లో మా నాన్నగారు తెనాలిలో పోయారు. సెలవులు, టికెట్లు, స్కూలు, ఇవన్నీ మీ అందరికీ తెలిసినవే. నేనొక్కదాన్నే వెళ్ళాను. ఏడేళ్ళ మా అమ్మాయి ఇక్కడే ఉండిపోయింది. దానికి తాతయ్య అంటే రెండు వేసవులు, వారానికో ఫోను. పన్నెండు రోజుల తర్వాత తిరిగి వస్తే అది నన్నేమీ అడగలేదు. ఏడవలేదు. రాత్రి పడుకోబోతుంటే నా దిండు మీద ఈ పుస్తకం ఉంది, రకూన్ కథ దగ్గర తెరిచిపెట్టి. ఇద్దరం కలిసి చదివాం. చదివాక అడిగింది, "తాతయ్య కూడా పెట్టెలో ఉన్నాడా అమ్మా?" అని. అప్పుడు చెప్పాను దానికి, మన ఇళ్ళల్లో ఏం చేస్తారో, కాలవ గట్టున ఏం జరిగిందో, మావయ్య ఏం చేశాడో అన్నీ. తెలుగులో కొంత, ఇంగ్లీషులో కొంత. ఆ సంభాషణ నేను ఎలా మొదలుపెట్టేదాన్నో నాకు ఇప్పటికీ తెలియదు. అదే మొదలుపెట్టింది, నలుపు తెలుపు బొమ్మలున్న ఓ నాలుగు పేజీలతో.

అందుకే ఎవరైనా 'అవి బొమ్మల పుస్తకాలే కదా' అంటే నాకు కాస్త కోపం వస్తుంది.

ఈ కాల్విన్ సంకలనాల్లో ఏది కొనాలి అంటారా? మొత్తం అన్నీ కలిపి 2005లో మూడు పెద్ద సంపుటాలుగా ఓ పెట్టెలో వేశారు. బరువు పది కిలోల దాకా ఉంటుంది. ఇండియాకి తీసుకెళ్దామనుకునేరు, సూట్‌కేసుకి ఇచ్చే ఇరవై మూడు కిలోల్లో సగానికి దగ్గర అదే తినేస్తుంది, ఇక మీ అత్తగారి విటమిన్ మాత్రలకి చోటుండదు. మొదలుపెట్టేవాళ్ళకి 1988లో వచ్చిన 'ది ఎసెన్షియల్ కాల్విన్ అండ్ హాబ్స్' చాలు. పెద్దవాళ్ళకైతే 1995 నాటి 'టెన్త్ యానివర్సరీ బుక్' చెబుతాను. అందులో బొమ్మల పక్కన వాటర్సన్ తన మాటల్లో ఎందుకలా గీశారో రాసుకున్నారు. టీషర్టుల మీదా, కాఫీ కప్పుల మీదా తన బొమ్మలు వేయడానికి ఎందుకు ఒప్పుకోలేదో కూడా. లారీల వెనక అద్దాల మీద కాల్విన్ ఓ చెడ్డ పని చేస్తున్న స్టిక్కర్ చూసే ఉంటారు. అది ఆయన అనుమతి లేకుండా ఎవరో వేసుకున్నది. ఆయన్ని తిట్టుకోకండి.

ఇక 'పీనట్స్.' చార్లీ బ్రౌన్, స్నూపీ. చార్ల్స్ షుల్జ్ 1950 అక్టోబరు 2న ఏడు పత్రికల్లో మొదలుపెట్టి, దాదాపు యాభై ఏళ్ళు సహాయకులెవరూ లేకుండా ఒక్క చేత్తో గీశారు. మొత్తం 17,897. ఆఖరి ఆదివారం బొమ్మ 2000 ఫిబ్రవరి 13న పత్రికల్లో వచ్చింది. దానికి ముందు రాత్రే ఆయన పోయారు. ఇలాంటిది మన పురాణ పురుషుల విషయంలో చెబితే నమ్ముతాం, కార్టూనిస్టు విషయంలో నమ్మడం కష్టం, కానీ నిజం.

పీనట్స్ చదివితే పెద్దగా నవ్వురాదని కొందరు అంటారు. ఒప్పుకుంటాను. అది పగలబడి నవ్వే నవ్వు కాదు. చార్లీ బ్రౌన్ ఓడిపోతాడు. బేస్‌బాల్‌లో ఓడిపోతాడు, గాలిపటాన్ని చెట్టు తినేస్తుంది, ప్రతి ఏడూ లూసీ బంతి పట్టుకుంటానని చెప్పి, వాడు తన్నబోయే క్షణంలో లాగేస్తుంది, వాడు వెల్లకిలా పడతాడు. మళ్ళీ ఏడాది మళ్ళీ నమ్ముతాడు. గ్రీన్ కార్డు కోసం ఎదురుచూస్తున్నవాళ్ళకి ఈ బొమ్మ విడమరిచి చెప్పనక్కర్లేదు. నేను చెప్పకముందే అక్కడ మూడో వరసలో నవ్వేశారు.

ఇందులో మనం తెలుసుకోవలసిన కథ ఒకటుంది. 1968 ఏప్రిల్ 4న మార్టిన్ లూథర్ కింగ్‌ని చంపేశారు. పదకొండు రోజుల తర్వాత లాస్ ఏంజెలెస్‌లో హారియెట్ గ్లిక్‌మన్ అనే టీచరు షుల్జ్‌కి ఉత్తరం రాసింది. మీ బొమ్మల్లో ఒక నల్లజాతి పిల్లవాణ్ణి పెట్టరాదా అని. ఆయన వెంటనే సరే అనలేదు. మేమేదో ఉద్ధరిస్తున్నట్టు కనిపిస్తుందేమో, వాళ్ళకి నొప్పి కలుగుతుందేమో అని సందేహించారు. ఆవిడ ఊరుకోకుండా తన నల్లజాతి మిత్రుల చేత కూడా ఉత్తరాలు రాయించింది. జులై 31న ఫ్రాంక్లిన్ వచ్చాడు. పెద్ద ఆర్భాటమేమీ లేదు. సముద్రపు ఒడ్డున చార్లీ బ్రౌన్ బంతి కొట్టుకుపోతే తెచ్చి ఇచ్చాడు, అంతే. తర్వాత అతణ్ణి తెల్లపిల్లలతో పాటు ఒకే తరగతిలో కూర్చోబెడితే దక్షిణాది సంపాదకుడొకరు అభ్యంతరం చెప్పారట. షుల్జ్ జవాబే ఇవ్వలేదు.

ఇదంతా ఎందుకు చెబుతున్నానంటే, మన పిల్లలు కూడా ఆ పేజీల్లో తమలాంటి ముఖం కోసం వెతుక్కుంటారు. వాళ్ళు నోరు తెరిచి చెప్పకపోవచ్చు. 1990ల్లో వై టూ కే రోజుల్లో ఇక్కడికొచ్చిన మనవాళ్ళకి అలా దొరికినవాడు 'డిల్‌బర్ట్'లో అశోక్. ఐఐటీ చదివిన ఇంటర్న్, తెలివైనవాడు, ఆఫీసులో అందరి పనీ నెత్తిన పడేవాడు. ఆరోజుల్లో మన క్యూబికిల్ గోడల మీద ఆ కత్తిరింపులు లేనివాళ్ళెవరు? 2023 ఫిబ్రవరిలో ఆ కార్టూనిస్టు నల్లజాతివాళ్ళ గురించి అన్న మాటలకి అమెరికా పత్రికలు చాలావరకు దాన్ని తీసేశాయి. ఆ మాటలు విన్నాక పాత నవ్వు కూడా నాకు గొంతులో అడ్డుపడింది. ఫ్రాంక్లిన్‌ని ఉంచాను, డిల్‌బర్ట్‌లు మాత్రం గరాజ్ సేల్‌లో పెట్టాను. మీ నిర్ణయం మీది.

పీనట్స్ మొత్తాన్ని ఫాంటాగ్రాఫిక్స్ అనే సంస్థ 2004 నుంచి 2016 దాకా, రెండేళ్ళ బొమ్మలు ఒక సంపుటంగా వేసింది. మొదటి సంపుటంతో మొదలుపెట్టకండి. అప్పటికి ఆయన చేయి ఇంకా కుదురుకోలేదు, స్నూపీ మామూలు కుక్కపిల్లే. 1960ల నడుమ నుంచి మొదలుపెట్టండి. కాలిఫోర్నియాలో ఉన్నవాళ్ళు, శాంటా రోసాలో ఆయన మ్యూజియం ఉంది, ఓ వారాంతం పిల్లల్ని తీసుకెళ్ళండి.

గ్యారీ లార్సన్ 'ది ఫార్ సైడ్' గురించి ఎక్కువ చెప్పను. ఒకే గడి బొమ్మ, 1980 నుంచి 1995 దాకా. ఆవులు, పురుగులు, ఆదిమానవులు, తెల్లకోటు శాస్త్రవేత్తలు. కొన్ని ఎంత చూసినా అర్థం కావు, అర్థమైనవి వారంపాటు గుర్తొచ్చి నవ్విస్తాయి. డైనోసార్ తోక ముళ్ళకి ఆయన సరదాగా పెట్టిన 'థాగోమైజర్' అనే పేరుని నిజం శాస్త్రవేత్తలే వాడుకలోకి తెచ్చుకున్నారు. ఇంట్లో బయాలజీ చదివేవాళ్ళుంటే పుట్టినరోజుకి ఇదే కొనండి. ఇండియా నుంచి మొన్ననే దిగిన అమ్మానాన్నలకి మాత్రం ఇవ్వకండి, మర్యాదకి నవ్వి పక్కన పెడతారు.

టీనేజీ పిల్లలున్నవాళ్ళు ఇక్కడ ఎంతమంది? చేతులెత్తనక్కర్లేదు, ముఖాలే చెబుతున్నాయి. మీకు 'జిట్స్.' 1997లో జెర్రీ స్కాట్, జిమ్ బోర్గ్‌మన్ మొదలుపెట్టారు. జెరెమీ అనే కుర్రాడు, వాడి గది, వాడి బూట్లు, ఏమడిగినా ఒక్క ముక్కలో వాడిచ్చే జవాబు. మా స్నేహితురాలొకావిడ దీన్ని కొడుక్కని కొని తనే చదువుకుంది. కొడుకు తల్లి బల్ల మీద చూసి, తనూ చదివి, ఒక పేజీ మడతపెట్టి ఉంచాడట. వాళ్ళిద్దరి మధ్య ఆ నెలలో జరిగిన సంభాషణ అదొక్కటే. అయినా సంభాషణే కదండీ.

ఇక మనవాళ్ళ దగ్గరికి వస్తాను. రాకపోతే ఈ వేదిక మీద నుంచి దిగనివ్వరు కూడా.

బాపు, ముళ్ళపూడి వెంకటరమణ గార్ల 'బుడుగు' పేరు ఎత్తగానే ముఖాలు వెలిగాయి. ఖచ్చితంగా చెప్పాలంటే అది కామిక్ స్ట్రిప్ కాదు. రమణ గారి మాటలు, బాపు గారి బొమ్మలు. 1950ల్లో వచ్చింది, కాల్విన్‌కి ముప్పై ఏళ్ళ ముందు. ఇద్దరినీ పోల్చడం మనకి అలవాటు. నేనూ పోలుస్తాను కానీ తేడా కూడా చెబుతాను. కాల్విన్ ఒంటరివాడు. వాడికి తోడు ఒక బొమ్మపులి. బుడుగుకి బామ్మ, బాబాయి, పక్కింటి లావుపాటి పిన్నిగారు, సీగానపెసూనాంబ, ఊరంతా ఉన్నారు. వాడికి ఊహాలోకం కట్టుకునే తీరిక ఎక్కడిది? ఇక్కడ పెరిగే మన పిల్లలు కాల్విన్ బతుకు బతుకుతూ బుడుగు పేర్లు పెట్టుకున్నారని నాకు అనిపిస్తుంటుంది.

తెలుగు నేర్చుకునే పిల్లల చేతికి బుడుగు ఇచ్చి చదవమనకండి. వాడి తెలుగంతా కావాలని తప్పుగా ఉంటుంది, ఆ తప్పులోనే నవ్వుంది. సరైన మాట తెలిస్తేనే తప్పు మాటకి నవ్వొస్తుంది. దాన్ని బిగ్గరగా చదివి వినిపించాలి. ఆరు నెలల వీసా మీద వచ్చి, కారు నడపలేక, మధ్యాహ్నం నిద్ర పట్టక, కిటికీలోంచి పక్కింటివాళ్ళ పచ్చిక చూస్తూ కూర్చున్న తాతగారికీ బామ్మగారికీ ఇంతకన్నా మంచి ఉద్యోగం లేదు. చదువుతూ చదువుతూ వాళ్ళే నవ్వు ఆపుకోలేక ఆగిపోతారు చూడండి, అప్పుడు మనవడు 'ఏమిటి, ఏమిటి' అని మీద పడతాడు. ఆ ఒక్క నిమిషంలో వాడికి వచ్చిన తెలుగు, ఆదివారం తరగతిలో నెలకి రాదు.

పిల్లలు తామే చదువుకోవడానికైతే బాపు గారి కార్టూన్లు, జయదేవ్ గారివి, రాగతి పండరి గారివి మేలు. కింద ఒకటి రెండు లైన్లే, అదీ ఇంట్లో మాట్లాడుకునే తెలుగు. బొమ్మ సగం అర్థం చెప్పేస్తుంది. అయితే ఒక హెచ్చరిక. మన పాత వారపత్రికల కార్టూన్లలో మొగుడి నెత్తిన అప్పడాల కర్రతో కొట్టే పెళ్ళాం తరచు కనిపిస్తుంది. నేను మా అమ్మాయికి ఒకటి చూపిస్తే, "అమ్మా, నైన్ వన్ వన్‌కి ఎందుకు ఫోన్ చేయలేదు?" అంది. ఆ నవ్వు కొంత పాతబడిపోయింది, మొహమాటం లేకుండా ఒప్పుకుందాం. అందుకే విశాఖపట్నం నుంచి వేల కార్టూన్లు గీసిన పండరి గారిని ప్రత్యేకంగా చెబుతున్నాను. మగవాళ్ళే గీసిన ఆ పేజీల్లో ఆవిడ ఆడవాళ్ళ వైపునుంచి నవ్వారు. 2015లో పోయారు.

ఇంగ్లీషులో మన దేశపు నవ్వు కావాలంటే ఆర్.కె. లక్ష్మణ్ గారి సంకలనాలు ఉండనే ఉన్నాయి. గళ్ళకోటు, పంచె, ఒక్క మాటా మాట్లాడని సామాన్యుడు. 1951 నుంచి టైమ్స్ ఆఫ్ ఇండియాలో అలా నిలబడి చూస్తూ వచ్చాడు. మన పిల్లలకి రాజకీయ నాయకుల ముఖాలు తెలియవు కానీ గుంటల రోడ్డు, కరెంటు కోత, లంచం అడిగే గుమాస్తా తెలుస్తారు, సెలవులకి వెళ్ళినప్పుడు చూశారు కదా.

నిర్వాహకులు చీటీ పంపారు, ఐదు నిమిషాలే ఉందట. అంటే కూచిపూడి వాళ్ళు వెనక గజ్జెలు కట్టుకుంటున్నారన్నమాట.

కొనడం గురించి ఒక్క మాట. ఇంగ్లీషు సంకలనాలు కొత్తవి కొనక్కర్లేదు. మీ లైబ్రరీలో ఏడాదికోసారి పాతపుస్తకాల అమ్మకం ఉంటుంది, డాలరో రెండు డాలర్లో. మీ శాఖలో పుస్తకం లేకపోతే ఇంకో ఊరి లైబ్రరీ నుంచి తెప్పించి ఇస్తారు, అడగాలి, అంతే. తెలుగువి మాత్రం ఇండియా వెళ్ళినప్పుడే తెచ్చుకోండి. విజయవాడ పుస్తక ప్రదర్శన జనవరి ప్రాంతాల్లో జరుగుతుంది, హైదరాబాదుది డిసెంబరు ప్రాంతాల్లో. అప్పుడే మీ డిసెంబరు సెలవులు కూడా. కనిపించినప్పుడే కొనేయండి, మళ్ళీ ఏడాదికి ఆ ప్రతి ఉండదు.

నా సంచీలో ఆరు పుస్తకాలు తెచ్చాను. బయట కాఫీ బల్ల పక్కన పెడతాను. రకూన్ కథ దగ్గర పసుపు కాగితం పెట్టాను. చూసుకోండి, పిల్లలకి చూపించండి, కాఫీ మాత్రం ఒలకబోయకండి. సాయంత్రం బాంక్వెట్ లోపల తిరిగి అక్కడే పెట్టేస్తే చాలు, మూడు లైబ్రరీవి.

ఉంటానండి. నమస్కారం.